అడివి బాపిరాజుగారు మనకు చూపిన తెలుగుదేశము

(దేవనహళ్ళి తెలుగువారి ఆదివారపు సమావేశమున చేసిన ప్రసంగపాఠము)



ఈ వేదికపై సాహిత్యమును గూర్చి మాటలాడువారు సాధారణముగ పండితులు. నేను అంగడి నడుపుకొనువాడను. మెట్రిక్యులేషనుతో నా చదువు ముగిసినది. ఆ పిమ్మట నేనెక్కువగ చదివినవి ఖాతాపుస్తకములు. అయినను కార్యవర్గమువారు ఈ వారము అడివి బాపిరాజుగారిని గూర్చి మాటలాడుమని నన్నే కోరిరి. కారణము మీలో కొందరికి తెలియును. ఈ యేటి నిధిలో మిగిలిన సొమ్మును ఏమి చేయవలెనను విషయమున మాలో రెండభిప్రాయములు కలవు. వీధి మొదట స్వాగతతోరణము కట్టింపవలెనని కొందరును, తెలుగు పుస్తకములు కొని మన పిల్లలకు చదువ నేర్పవలెనని కొందరును అనుచున్నారు. నేను రెండవ పక్షమువాడను. "ఏ పుస్తకములు? చదువువారెవరు? చదివినందువలన మనకు వచ్చునదేమి?" అని మొదటి పక్షములోని ఒక పెద్ద నన్నడిగిరి. ఆ ప్రశ్న న్యాయమైనది. దానికి సమాధానముగ ఒక మనుష్యుని జీవితమును మీ ముందుంచుచున్నాను. విని మీరే తీర్పు చెప్పుడు.

మొదట మన సంగతి. మన పూర్వులు ఈ సీమకు ఎప్పుడు వచ్చిరో మనలో చాలమందికి నిర్దిష్టముగ తెలియదు. 1501లో ఆవతి ప్రభువు మల్లబైరేగౌడుడు ఇచ్చట కోట కట్టించెనని చరిత్ర చెప్పుచున్నది. తరువాతి కాలమున ఆ కోట మైసూరువారి వశమైనది. టిప్పూసుల్తాను ఇక్కడనే పుట్టెను. ఈ మార్పులన్నిటిలోను మన యిండ్లలో వంటింటి భాష తెలుగుగనే నిలిచినది. అయితే వ్రాయునది కన్నడము, చదువునది కన్నడము. అందులో చింతింపవలసినది లేదు. అన్నము పెట్టిన భాష అది. కాని 2008లో మన ఊరి ప్రక్కన విమానాశ్రయము వచ్చినది మొదలు హైదరాబాదునుండి, విజయవాడనుండి ఉద్యోగములకై వచ్చువారు ఎక్కువైరి. వారిలో ఒకరు నా అంగడిలో నిలుచుండి, నా మాట విని, నవ్వి, "మీది తెలుగేనా?" అని అడిగిరి. మన మాటలలో 'సాకు', 'బేగ' వంటి కన్నడపు పలుకులు దొర్లుట నిజమే. నేను ఆయనకు సరకు కట్టి యిచ్చి పంపితినే కాని, ఆ ప్రశ్న నా మనస్సునుండి పోలేదు. తెలుగువాడనగ ఎవడు? సరిహద్దు రాయికి ఆవలనున్నవాడా?

ఈ ప్రశ్నకు బాపిరాజుగారి పుస్తకములలో నాకు సమాధానము దొరకినది. కనుకనే ఆయనను ఎన్నుకొంటిని.

బాపిరాజుగారు 1895వ సంవత్సరము అక్టోబరు 8వ తేదీన, నేటి పశ్చిమ గోదావరి జిల్లా భీమవరము ప్రాంతమున జన్మించిరి. 1952 సెప్టెంబరు 22న స్వర్గస్థులైరి. లెక్క చూచినచో ఏబదియేడేండ్లు నిండుటకు పదునారు దినములు తక్కువ. ఈ కొద్దికాలములో ఆయన కవి, చిత్రకారుడు, నవలాకారుడు, కథకుడు, ప్లీడరు, ఖైదీ, కళాశాల ప్రధానాచార్యుడు, పత్రికా సంపాదకుడు, చలనచిత్రములకు కళాదర్శకుడు — ఇన్నియు అయిరి. ఒకే అంగడిలో ఇన్ని రకముల సరకు పెట్టిన ఏదియు సరిగ అమ్ముడుపోదని మా వర్తకులు అందురు. ఆయన విషయమున ఆ మాట చెల్లలేదు. ఏలననగా ఆయన సరకు ఒక్కటే. దానిని తొమ్మిది గిన్నెలలో పోసి చూపిరి.

ఆ సరకు ఆయనకు రాజమహేంద్రవరమున దొరకినది. అచ్చటి ప్రభుత్వ ఆర్ట్సు కళాశాలకు 1909 మొదలు 1919 వరకు ఆస్వాల్డ్ కూల్డ్రే అను ఆంగ్లేయుడు ప్రధానాచార్యుడుగ ఉండెను. ఆయన స్వయముగ కవి, చిత్రకారుడు. ఇంగ్లండునకు తిరిగిపోయిన పిమ్మట దక్షిణదేశపు అనుభవములను వ్రాసి, తన బొమ్మలతోనే 1924లో పుస్తకముగ అచ్చువేయించెను. ఆ కాలపు దొరలలో మన బాలురకు పాశ్చాత్యుల పటములు చూపి "వీనిని చూచి వ్రాయుడు" అన్నవారు పెక్కుమంది. కూల్డ్రే అట్లనలేదు. మీ నదిని చూడుడు, మీ గుడిని చూడుడు, మీ అజంతాను చూడుడు అనెను. ఆయన చుట్టు చేరిన బాలురలో బాపిరాజుగారు ఒకరు, దామెర్ల రామారావుగారు మరియొకరు. రామారావుగారు బొంబాయి కళాశాలలో చదివి వచ్చి, రాజమహేంద్రవరమున చిత్రకళాశాలను నెలకొల్పి, 1925లో మశూచికముచేత ఇరువదియెనిమిది ఏండ్లు నిండకుండగనే మరణించిరి. ఒక పరదేశపు ఉపాధ్యాయుడు తన భాషలో పాఠము చెప్పుచునే, "మీ కన్నులతో చూడుడు" అని చెప్పుటవలన ఒక నదీతీరమున ఇంత పంట పండినది. మన ఊరిలో ఉపాధ్యాయులుగ ఉన్నవారు ఈ సంగతిని గమనింపవలెనని కోరుచున్నాను.

బి.ఏ. పూర్తియైన పిమ్మట దేశమున సహాయనిరాకరణోద్యమము వచ్చినది. బాపిరాజుగారు అందులో చేరి 1922లో ఒక సంవత్సరము కారాగారవాసము చేసిరి. తరువాత చెన్నపట్టణమున న్యాయశాస్త్రము చదివి, కొన్నియేండ్లు భీమవరమున ప్లీడరీ చేసిరి. దానిలో ఆయనకు మనస్సు నిలువలేదు. మనస్సు నిలిచినది బందరులోని ఆంధ్ర జాతీయ కళాశాలయందు. కోపల్లె హనుమంతరావుగారు, ముట్నూరి కృష్ణారావుగారు, పట్టాభి సీతారామయ్యగారు కలిసి 1910లో నెలకొల్పిన ఆ విద్యాలయమునకు వంగదేశమునుండి ప్రమోదకుమార చటర్జీగారు చిత్రకళాచార్యులుగ వచ్చిరి. బాపిరాజుగారు ఆయనకు శిష్యులైరి. 1935 మొదలు 1939 వరకు ఆ కళాశాలకే ప్రధానాచార్యులుగ పనిచేసిరి.

ఆ వంగ చిత్రరీతి ఎట్టిదో రెండు మాటలలో చెప్పవలెను. కాగితముమీద పలుచని నీటిరంగు పూయుదురు. ఆరిన పిదప ఆ కాగితమును నీటిలో ముంచుదురు. కొంత రంగు కడుగుకొనిపోవును, కొంత కాగితములో ఇంకును. మరల పూయుదురు, మరల ముంచుదురు. ఇట్లు ఎన్నో మారులు చేయగా రంగులకు అంచులు కరిగి, తెల్లవారుజామున మంచులోనుండి చూచినట్లు బొమ్మ కనబడును. ఈ రీతికి మూలపురుషుడు కలకత్తాలోని అవనీంద్రనాథ ఠాకూరుగారు. మన బెంగళూరులో కస్తూర్బా రోడ్డున ఎవరి పేర చిత్రశాల కలదో ఆ కె. వెంకటప్పగారు (1886–1965) కూడ అవనీంద్రుల శిష్యులే. అనగా గోదావరి యొడ్డు బాపిరాజుగారును, మైసూరు వెంకటప్పగారును ఒకే గురుపరంపరలోని దాయాదులు. తెలుగు చిత్రకారుని గూర్చి విని "అది మనది కాదులే" అని యనుకొను మన పిల్లలు ఈ సంబంధమును తెలిసికొనవలెను.

కవిత్వమును చిత్రమును ఒకే చేత పట్టినవారు లోకమున కొద్దిమంది. ఇంగ్లండున విలియం బ్లేకు (1757–1827) అను కవి తన పద్యములను తానే రాగిరేకులమీద బొమ్మలతో సహా చెక్కి, అచ్చొత్తి, రంగులు వేసెను. బ్రదికియున్న కాలమున ఆయనను గుర్తించినవారు మిక్కిలి తక్కువ. మన రవీంద్రనాథ ఠాకూరుగారు అరువది యేండ్లు దాటిన పిమ్మట గాని గట్టిగ కుంచె పట్టలేదు. బాపిరాజుగారికి ఈ రెండును మొదటినుండియు కవలలు. ఆయన చిత్రములలో ప్రసిద్ధమైన దానికి 'శబ్దబ్రహ్మ' యని పేరు. వినబడునది శబ్దము, దానికి రూపు కట్టవలెనను తలంపు కవికి గాని రాదు, కట్టుట చిత్రకారునికి గాని చేతకాదు. అట్లే 'శశికల' యను గీతములలో ఆయన కొలిచినది ఒక ఊహాసుందరిని. ఆమె ఏ ఊరిపిల్లయు కాదు. ఆయన కన్నులకు మాత్రము అగపడినది. మిత్రులు ఆయనను ప్రేమతో 'బాపి బావ' యని పిలిచెడివారు. బావ యని ఊరందరిచేత పిలిపించుకొనుట యెంత కష్టమో, నిజమైన బావమరదులు గల మీకందరికి తెలియును.

ద్రష్ట యను మాటను మనము తేలికగ వాడుచుందుము. బాపిరాజుగారి యెడ ఆ మాటకు స్పష్టమైన అర్థమున్నది. కంటియెదుట లేని దానిని రంగుతోను నీడతోను కొలతలతోను చూడగలుగుట, ఇతరులచేత చూపించుట. ఆయన నవలలన్నియు ఈ పనియే చేసినవి.

అమరావతిని తీసికొనుడు. కృష్ణాతీరమున ధాన్యకటకమను మహానగరము, దాని ప్రక్క పాలరాతివలె తెల్లనైన శిల్పములతో మహాస్తూపము ఒకప్పుడు వెలసినవి. 1797లో మెకంజీదొర అచ్చటికి వచ్చునప్పటికే స్థానికులు రాళ్ళను పెల్లగించి కట్టడములకు వాడుకొనుచుండిరి. తరువాత దొరలు మిగిలిన శిల్పములను కొన్నింటిని చెన్నపట్టణపు ప్రదర్శనశాలకు, కొన్నింటిని లండనునకు తరలించిరి. బాపిరాజుగారి కాలమునకు అమరావతిలో నిలిచియున్నది ఒక మట్టిదిబ్బ. శిల్పములన్నియు ఇతర నగరములందు గోడలకు ఆనించియుండెను. ఆ మట్టిదిబ్బపైనే 'హిమబిందు' నవలలో ఆయన శాతవాహనుల రాజధానిని మరల కట్టిరి. తోరణములు, వీధులు, పందెపు బండ్లు, ఎద్దుల మెడగంటలు, శిల్పుల వాడలు, స్త్రీల నగలు, వస్త్రముల నేతలు — ఒక్కొక్కటి అమరావతి శిలాఫలకములనుండి దిగివచ్చినట్లుండును. కథానాయకుడు సువర్ణశ్రీ శిల్పి. కథానాయిక హిమబిందు ఒక గొప్ప వర్తకుని కుమార్తె. ఆ వర్తకుడు చారుగుప్తుడు తన కూతురు రాణి కావలెనని కలలు కనుచుండును. ఆమె మనస్సు మాత్రము ఉలి పట్టినవానియందు నిలుచును. వర్తకులమైన మనము ఈ కథను కొంత జాగ్రత్తగ చదువవలెను! చారుగుప్తుని లెక్కలన్నియు సరిగనే యుండును. తప్పినది కూతురి మనస్సు ఒక్కటే.

'అడవి శాంతిశ్రీ' యందు ఇక్ష్వాకుల విజయపురి కనబడును. అది నాగార్జునకొండ లోయలోనిది. 1926లో ఆ శిథిలములు బయటపడి త్రవ్వకములు సాగినవి. 1955 డిసెంబరు 10న నాగార్జునసాగరమునకు శంకుస్థాపన జరిగినది. ఆ నీరు చేరి లోయ మునిగిపోయినది. పైకెత్తిన శిల్పములు నేడు ద్వీపముమీది ప్రదర్శనశాలలో ఉన్నవి. ఆ లోయ మునుగునాటికి బాపిరాజుగారు లేరు. కాని పురవీథులలో మనుష్యులను నడిపించి ఆయన ముందే వ్రాసి పెట్టిరి. నీరు వచ్చునని ఆయనకు తెలియునని నేను చెప్పుట లేదు. పోయినదానిని నిలుపవలెనను తహతహ ఆయనకు స్వభావము.

ఆయన చిత్రకారుడుగ చేసిన చివరి పనులలో ఒకటి కూడ ఇట్టిదే. 1951లో సింహళమునందలి సిగిరియా కొండమీది కుడ్యచిత్రములకు ఆయన ప్రతికృతులు వ్రాసిరి. కాశ్యపుడను రాజు అయిదవ శతాబ్దిలో ఆ కొండపై కోట కట్టించెను. ఆ నాటి స్త్రీమూర్తులు రాతిగోడమీద నేటికిని రంగు చెడక నిలిచియున్నవి. ఒకరు గీసిన గీతను మరల గీయుటలో స్వాతిశయము పనికిరాదు. పేరు గడించిన చిత్రకారుడు ఏబదియైదేండ్లు దాటిన వయస్సున, పేరైనను తెలియని పూర్వశిల్పుల గీతను అనుసరించుటకు కూర్చుండెను. నాకు ఆయన గొప్పతనము అందులో ఎక్కువగ కనబడును.

ఆయనయందు లోపములు లేవని నేననను. 'నారాయణరావు' నవల 1934లో ఆంధ్ర విశ్వకళాపరిషత్తువారి పోటీలో విశ్వనాథ సత్యనారాయణగారి 'వేయిపడగలు'తో బహుమానమును పంచుకొన్నది. విశ్వనాథవారిది కూలిపోవుచున్న పాతలోకమును చూచి గుండె బరువెక్కిన మనస్సు. బాపిరాజుగారిది రానున్న లోకమును చూచి ఉబ్బిన మనస్సు. కోనసీమలోని కొత్తపేట వాడైన నారాయణరావు జమీందారుగారి అమ్మాయి శారదను వివాహమాడును. కథ చెప్పవలెనన్న ఇంతే. కాని మధ్యమధ్య సంగీతకచేరీలు, భోజనముల వరుసలు, ప్రయాణములు, స్నేహితుల వాదములు పుటలు పుటలుగ సాగును. మొదటిమారు చదువునప్పుడు నాకు విసుగు పుట్టినమాట నిజము. రెండవమారు చదువునప్పుడు తెలిసినది: ఆయన కథ చెప్పుట లేదు, కాగితమును మరల మరల రంగులో ముంచుచున్నాడు. తొందరగల పాఠకునికి ఆయన పనికిరాడు. సాయంకాలము దీపము పెట్టిన తరువాత ఒకరు చదువుచుండగా పదిమంది వినుటకు ఆయన పుస్తకమును మించినది లేదు.

ఇక మన కన్నడదేశమునకు సంబంధించిన మాట. నా ప్రసంగమంతయు దీనికొరకే.

'గోన గన్నారెడ్డి' నవల కాకతీయ రుద్రమదేవి కాలమునాటిది. రుద్రమదేవి 1262 మొదలు 1289 వరకు ఏలినది. ఆడుది సింహాసనమెక్కుటను సహింపని సామంతులు తిరుగబడుచున్నప్పుడు, లోకమునకు గజదొంగగ కనబడుచు రహస్యముగ ఆమె రాజ్యమునకే కాపుగ నిలిచిన వీరుని కథ అది. 2015లో వచ్చిన 'రుద్రమదేవి' చలనచిత్రము చూచిన మన యువకులు గోన గన్నారెడ్డి పేరు చెప్పగానే చప్పట్లు కొట్టిరి. ఆ పేరును అంతకు డెబ్బది యేండ్ల పూర్వమే తెలుగువారి మనస్సులలో నిలిపినది బాపిరాజుగారి నవల యని వారిలో ఎందరికి తెలియును?

ఆ గన్నారెడ్డి కేవలము కల్పితపురుషుడు కాడు. రాయచూరు కోటకు వెళ్ళినచో, పడమటి గోడలో ఒకే రాతిపలక 41 అడుగుల పైచిలుకు పొడవు గలది కనబడును. దానిమీద తెలుగు శాసనము చెక్కబడియున్నది. గోన గన్నారెడ్డిగారి ఆజ్ఞచే సేనాని విఠలనాథుడు ఆ కోటను కట్టించెనని, క్రీస్తుశకము 1294నకు సరియైన శకవర్షముతో అందు తెలుపబడినది. అంతటి రాతిని కొండనుండి ఎట్లు తెచ్చిరని మీరడుగుదురు. దానికిని సమాధానము అచ్చటనే కలదు: బండిమీద ఆ పలకను ఎక్కించి, వరుసలు వరుసలుగ ఎద్దులను పూన్చి లాగించు దృశ్యమును అదే గోడమీద శిల్పి గీతలతో చెక్కిపెట్టెను. అక్షరమొకప్రక్క, బొమ్మయొకప్రక్క. ఆ శిల్పి పేరు నిలువలేదు. అతడు కూడ బాపిరాజుగారి జాతివాడేనని నాకు తోచును.

ఆ రాయచూరు ఏ రాష్ట్రములోనిది? కాకతీయులది, బహమనీలది, విజయనగరమువారిది, ఆదిలుషాహీలది, నిజాముది. బాపిరాజుగారు బ్రదికియున్నంత కాలము అది హైదరాబాదు రాజ్యములోనిది. 1956 నవంబరు 1న ఆంధ్రప్రదేశము ఏర్పడిన దినముననే అది మైసూరు రాష్ట్రములో చేరినది. గోడ కదలలేదు. గోడమీది తెలుగు చెరగలేదు. చేతులు మారినది దస్తావేజు మాత్రమే. కన్నడసోదరులు ఆ శాసనమును తమ చరిత్రగనే కాపాడుచున్నారు; అట్లే కాపాడవలెను కూడ. మనము సరిహద్దునకు ఈవలనుండుట మన తెలుగుదనమునకు కొరత కాదని చెప్పుటకు నాకు ఆ రాతిని మించిన సాక్షి దొరకలేదు.

బాపిరాజుగారు సరిహద్దులను ఎట్లు చూచిరో ఆయన జీవితమే చెప్పును. సర్కారు జిల్లాలో పుట్టి, నవలలు వ్రాసి పేరుపొందినవాడు 1940లలో హైదరాబాదునకు వెళ్ళి 'మీజాన్' తెలుగు దినపత్రికకు సంపాదకుడయ్యెను. ఒకే యాజమాన్యము ఉర్దూ, ఆంగ్లము, తెలుగు మూడింటను ఆ పేరుతో పత్రికలు నడిపినది. పాఠశాలలలోను కచేరీలలోను ఉర్దూయే చెల్లుచున్న ఆ రాజ్యమున, తెలుగులో దినపత్రిక నడుపుట అనగా ప్రతిదినము ప్రొద్దుననే వేలమందికి అక్షరములను గుర్తుచేయుట. తిరుమల రామచంద్రగారు, రాంభట్ల కృష్ణమూర్తిగారు వంటి విద్వాంసులు ఆయన దగ్గర పనిచేసిరి. ఆయన కన్నుమూసిన నాలుగు వారములకు, 1952 అక్టోబరు 19న, పొట్టి శ్రీరాములుగారు ప్రత్యేకాంధ్రమునకై నిరాహారదీక్ష ప్రారంభించిరి. 1953 అక్టోబరు 1న ఆంధ్రరాష్ట్రము ఏర్పడినది. తరువాత రాష్ట్రము పెరిగినది. 2014లో తెలంగాణము వేరైనది. బాపిరాజుగారు ఈ పటములలో దేనిని చూడలేదు. ధాన్యకటకము, విజయపురి, ఓరుగల్లు, కొత్తపేట — ఇవి కలిసి ఆయన మనస్సులో ఒక దేశము. దానికి రిజిస్ట్రారుగాని, చెక్‌పోస్టుగాని లేదు. అందు ప్రవేశించుటకు కావలసినది అక్షరజ్ఞానము మాత్రమే.

ఇచ్చటనే మన చిక్కు. మన పిల్లలకు తెలుగు వచ్చును. తెలుగు చదువుట రాదు. అవ్వ చెప్పిన కథ తెలియును; అదే కథ పుస్తకములో ఉన్నచో వారికి నల్లని చుక్కల వరుస. బాపిరాజుగారి చిత్రములు చూడవలెనన్న ప్రదర్శనశాలలకు పోవలెను, అన్నియు ఒక్కచోట దొరకవు. ఆయన పాట ఆయనతోనే పోయినది. నవలలు మాత్రము నేటికిని అచ్చులో దొరకుచున్నవి. ఆ ఒక్క తలుపు తెరచియున్నది. మన పిల్లల చేతిలో తాళపుచెవి లేదు.

ఇది పెద్ద కార్యమేమియు కాదని నేను సాహసించి చెప్పుచున్నాను. కన్నడలిపియు తెలుగులిపియు ఒకే తల్లి బిడ్డలు. కొన్ని శతాబ్దుల క్రిందటి వరకు రెండింటికి ఒకటే వ్రాత. తలకట్టు తీరు మారినది, 'క', 'త', 'శ' వంటి కొన్ని అక్షరముల ఆకారము మారినది. తక్కినవి చూడగనే పోల్చుకొనదగినవి. కన్నడము చక్కగ చదువు పిల్లకు తెలుగు చదువుట నేర్పుటకు, రోజుకు అరగంట చొప్పున, కొన్ని వారములు చాలును. మా యింట ఒక బాలికకు నేనే నేర్పితిని. మొదట అంగడి గోడమీది తెలుగు క్యాలెండరు చదివినది, తరువాత మందుసీసామీది చీటి చదివినది. ఇప్పుడు 'గోన గన్నారెడ్డి' ఆమె చేతిలోనున్నది. అర్థము కాని మాటలకు అవ్వను అడుగుచున్నది. అవ్వకు చదువు రాదు, మాటలు వచ్చును. పిల్లకు చదువు వచ్చును, మాటలు రావు. ఇద్దరును కలిసి ఒక పుస్తకమును చదువుచున్నారు.

మరియొక మాట. మనలో ఒక యింట బాలుడొకడు ఎప్పుడును బొమ్మలు గీయుచుండును. లెక్కల పుస్తకము అంచులలో, సరకుల చీటీల వెనుక, దొరకిన కాగితముమీద. "ఇది అన్నము పెట్టునా?" అని తండ్రి కోపగించుచున్నాడు. తండ్రి మాటను నేను త్రోసివేయను. అన్నము పెట్టు పని చేయవలసినదే. బాపిరాజుగారు కూడ ప్లీడరు పరీక్ష ఇచ్చిరి. కాని ఆ బాలుని ఒక్కమారు లేపాక్షికి తీసికొనిపొమ్మని ఆ తండ్రిని కోరితిని. హైదరాబాదు రహదారిపై ఉత్తరముగ పోయి, హిందూపురము త్రోవ పట్టినచో ఉదయము వెళ్ళి సాయంకాలమునకు తిరిగిరావచ్చును. విజయనగరపు అచ్యుతరాయల కాలమున విరూపణ్ణ కట్టించిన ఆ గుడిలో కప్పునిండ చిత్రములు. అందు స్త్రీపురుషులు కట్టిన చీరల అంచులు, తలపాగల తీరు చూచినవానికి, బాపిరాజుగారు వస్త్రవర్ణనకు అన్ని పుటలు ఏల వ్రాసిరో తెలియును. బట్టల అంగడి నడుపు ఆ తండ్రికి కూడ ఆ అంచులు నచ్చునని నా నమ్మకము.

తోరణమును గూర్చి. తోరణము కట్టవలెనన్నవారు నాకు విరోధులు కారు. ఊరి మొదట తెలుగు అక్షరములు కనబడవలెనని వారి కోరిక, మంచి కోరికయే. అయితే కట్టిన పిమ్మట వాటిని చదువువారు మన యిండ్లలో ఎందరుందురని నేను అడుగుచున్నాను. లెక్క వేసితిని. తోరణమునకు అడిగిన సొమ్ములో పదవవంతుతో నాలుగు నవలలు ఇరువదియేసి ప్రతులు కొనవచ్చును, ఒక బీరువా చేయింపవచ్చును, అక్షరములు నేర్పు పెద్దలకు కాఫీకి కొంత మిగులును. మిగిలిన తొమ్మిదివంతులు నిధిలోనే ఉండును. తోరణపు సంగతి వచ్చే యేడు మరల ఆలోచింపవచ్చును.

'నారాయణరావు', 'హిమబిందు', 'గోన గన్నారెడ్డి', 'అడవి శాంతిశ్రీ' — ఈ నాలుగింటిని నా సొంత సొమ్ముతో కొని అంగడిలో గల్లాపెట్టె ప్రక్కన ఉంచితిని. ఎవరైనను వచ్చి చూడవచ్చును, ఇంటికి తీసికొనిపోవచ్చును. పేరు మాత్రము పుస్తకములో వ్రాయించిపోవలెను. వచ్చే ఆదివారము కార్యవర్గము ఓటు తీసికొనును. దాని ఫలితమెట్లున్నను, అదే సాయంకాలము ఆరుగంటలకు మా యింటి వసారాలో 'గోన గన్నారెడ్డి' మొదటి ప్రకరణము చదువబడును. చదువునది పైన చెప్పిన బాలికయే. పెద్దలు, తల్లులు, పిల్లలు రావలెనని కోరుచున్నాను.